ఎస్‌ఎస్‌డీ మార్చినా ల్యాప్‌టాప్ పాత కంపెనీ మెయిలే అడుగుతోందా? పరికరం లోపలి గుర్తింపు ఎక్కడుంటుంది, సర్వర్ దాన్ని ఎలా నమ్ముతుంది

మీ ప్రశ్నలో మూడు గొడవలు కలిసున్నాయి. ఒకటి, సెకండ్ హ్యాండ్‌లో కొన్న ఆఫీసు ల్యాప్‌టాప్. ఎస్‌ఎస్‌డీ తీసి కొత్తది వేసి, పెన్‌డ్రైవ్‌తో విండోస్ 11 ప్రో ఎక్కించినా, సెటప్‌లో వైఫై కలపగానే ఏదో కంపెనీ పేరు వచ్చి వాళ్ల మెయిల్, పాస్‌వర్డ్ అడుగుతోంది. బయోస్ చిప్‌లో (యంత్రాన్ని లేపే ప్రోగ్రాం ఉండే చిప్) మ్యాక్ అడ్రస్ (నెట్‌వర్క్ కార్డు నంబరు) మారిస్తే పోతుందని షాపువాళ్లు అంటున్నారు. రెండు, బూట్‌లోడర్ (ఫోన్ లేచేటప్పుడు మొదట నడిచే ప్రోగ్రాం) అన్‌లాక్ చేసి కస్టమ్ రోమ్ (కంపెనీది కాని ఆండ్రాయిడ్) వేసిన ఫోన్‌లో బ్యాంకు యాప్ తెరుచుకోవడం లేదు, సినిమాలు మసకగా వస్తున్నాయి, ఐఎంఈఐ బ్లాక్ అయిందేమోనని మీ అనుమానం. మూడు, మీ అన్నయ్య నడిపే కస్టమర్ సర్వీస్ పాయింట్‌లో వేలిముద్ర మిషన్ 'నాట్ రెడీ' అంటోంది. మూడింటికీ మూలం ఒక్కటే కాబట్టి అక్కడి నుంచే మొదలుపెడతాను.

యంత్రం తన గురించి బయటికి ఇచ్చేవి రెండు రకాలు. మొదటి రకం పేర్లు. సీరియల్ నంబరు, యూయూఐడీ (యంత్రానికి ఇచ్చే పొడవాటి ప్రత్యేక సంఖ్య), మ్యాక్ అడ్రస్, ఐఎంఈఐ అన్నీ ఈ కోవలోవే. అడిగితే చెప్పేస్తుంది, విన్నవాడు రాసుకుంటాడు, ఇంకో యంత్రం అదే పేరు చెప్పుకున్నా ఆపేవాళ్లుండరు. రెండో రకం కీ. తయారీలోనే చిప్ లోపలికి చేరి, ఎప్పటికీ బయటికి రాని రహస్య అంకె అది. దాన్ని ఎవరికీ చూపించదు. సర్వర్ ఒక లెక్క ఇస్తుంది, ఆ కీ ఉన్న చిప్ మాత్రమే ఆ లెక్క చేయగలదు, జవాబు సరిపోతే నమ్ముతుంది. మీ మూడు సమస్యల్లో ఏది పేరు దగ్గర ఆగింది, ఏది కీ దగ్గర ఆగింది అన్నది తేల్చుకోకుండా చిప్ మీద చెయ్యి వేస్తే డబ్బు దండగే.

ముందు ల్యాప్‌టాప్. ఈ పేర్లలో చాలావరకు ఎస్‌ఎస్‌డీలో కాక, మదర్‌బోర్డు మీద ఉండే ఎనిమిది కాళ్ల ఫ్లాష్ చిప్‌లో ఉంటాయి. అది సాధారణంగా 16 లేదా 32 ఎంబీ ఉంటుంది. అందులో యంత్రం వివరాలు రాసి ఉండే ఎస్‌ఎంబయోస్ పట్టికలో టైప్ 1 కింద తయారీదారు, మోడల్, సీరియల్ నంబరు, 16 బైట్ల యూయూఐడీ ఉంటాయి. టైప్ 2 కింద బోర్డు సీరియల్, టైప్ 3 కింద కంపెనీలు పెట్టుకునే అసెట్ ట్యాగ్. ఇవి కాక ఎంఎస్‌డీఎం అనే ఇంకో పట్టికలో విండోస్ ప్రొడక్ట్ కీ ఉంటుంది. విండోస్ 8 కాలం నుంచి బ్రాండెడ్ ల్యాప్‌టాప్‌లకు ఇది మామూలు. డిస్క్ ఖాళీ చేసి మళ్లీ విండోస్ వేసినా కీ అడగకుండా యాక్టివేట్ అవడానికి కారణం ఇదే.

మీకు కనిపిస్తున్న కంపెనీ పేరు విండోస్ ఆటోపైలట్ అనే సేవ నుంచి వస్తోంది. కంపెనీ ఐటీ వాళ్లు (లేదా అమ్మిన డీలరే) ల్యాప్‌టాప్ వివరాలను మైక్రోసాఫ్ట్ దగ్గర తమ కంపెనీ పేరు కింద నమోదు చేస్తారు. ఎప్పుడు సెటప్ మొదలైనా, నెట్ దొరకగానే, విండోస్ తన హార్డ్‌వేర్ వివరాలు మూటగట్టి పంపుతుంది. అవతల నమోదు ఉంటే 'ఇది ఫలానా కంపెనీది, వాళ్ల లాగిన్ పేజీ చూపించు' అని జవాబు వస్తుంది. కాబట్టి ఇక్కడ తాళం మీ డిస్క్‌లో ఎక్కడా లేదు. ఉన్నది సర్వర్ దగ్గరి పుస్తకంలో ఒక వరుస.

ఆ మూటను హార్డ్‌వేర్ హ్యాష్ అంటారు. అది పేరుకే హ్యాష్. అసలు హ్యాష్ అయితే వెనక్కి విప్పడం కుదరదు, దీన్ని మాత్రం విండోస్ ఏడీకే (మైక్రోసాఫ్ట్ ఇచ్చే పనిముట్ల సెట్)తో వచ్చే ఓఏ3టూల్‌తో విప్పి చదవొచ్చు. బేస్64లో (డేటాను మామూలు అక్షరాలుగా రాసే పద్ధతి) రాసిన సుమారు 4,000 అక్షరాల వరుస అది. విప్పితే లోపల తయారీదారు, మోడల్, సీరియల్, యూయూఐడీ, డిస్క్ సీరియల్, నెట్‌వర్క్ కార్డుల మ్యాక్ అడ్రస్‌లు, టీపీఎం (రహస్య కీలు దాచే భద్రతా చిప్) తాలూకు పబ్లిక్ కీ (బయటికి చూపించగల సగం), మూట కట్టిన సమయం అన్నీ ఉంటాయి. సమయం కూడా కలుస్తుంది కాబట్టి ఒకే ల్యాప్‌టాప్ నుంచి రెండుసార్లు తీస్తే రెండు వేర్వేరు అక్షరాల వరుసలు వస్తాయి. సర్వర్ అక్షరానికి అక్షరం పోల్చదు, లోపలి వివరాల్లో ఎన్ని కలుస్తున్నాయో చూస్తుంది. డిస్క్ మారితే పట్టించుకోదని మైక్రోసాఫ్టే రాసింది. మదర్‌బోర్డు మారితే మాత్రం పోలిక కుదరదు, కొత్తగా హ్యాష్ తీసి నమోదు చేయాలి. ఇప్పుడు మీ షాపువాళ్ల సలహా చూడండి. ఇన్ని వివరాల్లో ఒక్క మ్యాక్ అడ్రస్ మార్చితే ఏమవుతుంది? ఏమీ కాదు.

దీనికి తిరగేసిన సమస్య కూడా ఉంది, రిపేరు చేయించుకునేవాళ్లు గమనించాలి. బోర్డు పోయిందని పార్టుల మార్కెట్‌లో వాడిన మదర్‌బోర్డు తెచ్చి వేస్తే, ఆ బోర్డు పాత కంపెనీ నమోదును వెంటేసుకుని మీ ఇంటికి వస్తుంది. మీ ల్యాప్‌టాప్ పదేళ్లుగా మీదే అయినా సరే.

ఇప్పుడు టీపీఎం సంగతి, ఇది కాస్త ఆగి చూడాల్సినది. రన్ బాక్సులో టీపీఎం డాట్ ఎంఎస్‌సీ అని కొడితే తయారీదారు పేరు, వెర్షన్ కనిపిస్తాయి. విడి చిప్ అయితే ఇన్ఫినియాన్, ఎస్‌టీమైక్రో, నువోటాన్ లాంటి పేర్లు, ప్రాసెసర్‌తో కలిసి ఉన్నదైతే ఇంటెల్ లేదా ఏఎండీ. ప్రతి టీపీఎంలో ఎండార్స్‌మెంట్ కీ అని ఒకటి ఉంటుంది. దాని పబ్లిక్ సగానికి చిప్ తయారీదారు సర్టిఫికెట్ ఇస్తాడు. రహస్య సగం చిప్ దాటదు. చాలామంది ఈ కీతో నేరుగా సంతకం చేసి చూపిస్తుందనుకుంటారు. అలా చేయదు. చేస్తే ప్రతి వెబ్‌సైటుకూ ఒకే సంతకం వెళ్లి, ఎవరైనా మీ యంత్రాన్ని ఊరూరా వెంబడించవచ్చు. అందుకని ఈ కీకి విప్పే పని మాత్రమే ఇచ్చారు.

రుజువు ఇలా నడుస్తుంది. టీపీఎం లోపల అటెస్టేషన్ కీ అనే కొత్త జత పుడుతుంది. ల్యాప్‌టాప్ దాని పబ్లిక్ సగాన్నీ, ఎండార్స్‌మెంట్ సర్టిఫికెట్‌నీ సర్వర్‌కు పంపుతుంది. సర్వర్ సర్టిఫికెట్ గొలుసు తయారీదారు రూట్ దాకా చేరుతోందా అని చూసి, ఒక యాదృచ్ఛిక రహస్యం తయారు చేసి, ఎండార్స్‌మెంట్ పబ్లిక్ కీతో మూసి పంపుతుంది. ఆ పెట్టె మీద 'ఫలానా అటెస్టేషన్ కీ నీ లోపల ఉంటేనే తెరువు' అన్న షరతు కూడా కట్టి ఉంటుంది. టీపీఎం పెట్టె విప్పుతుంది, షరతు చూస్తుంది, ఆ కీ తనలో లోడ్ అయి ఉంటేనే రహస్యం బయటికి ఇస్తుంది. అది తిరిగి సర్వర్‌కు చేరితే, ఈ రెండు కీలూ ఒకే చిప్‌లో ఉన్నాయని తేలినట్టే. అప్పటి నుంచి రోజువారీ సంతకాలన్నీ అటెస్టేషన్ కీ చేస్తుంది.

ఆ సంతకం కింద పీసీఆర్ (టీపీఎంలో కొలతలు దాచే గడులు) విలువలు కూడా వెళ్తాయి. యంత్రం లేచేటప్పుడు ఫర్మ్‌వేర్ (బయోస్), బూట్‌లోడర్, సెక్యూర్ బూట్ (సంతకం లేని ప్రోగ్రాంతో లేవకుండా ఆపే ఏర్పాటు) సెట్టింగులు ఒక్కొక్కటిగా కొలత తీసి, పాత విలువకు కొత్త కొలతను జోడించి మళ్లీ హ్యాష్ కడతారు. వెనక్కి తిప్పడం కుదరదు, రీస్టార్ట్ చేస్తేనే సున్నాకు వస్తాయి. పీసీఆర్ 0లో ఫర్మ్‌వేర్, పీసీఆర్ 7లో సెక్యూర్ బూట్ స్థితి. బయోస్ అప్‌డేట్ చేశాక బిట్‌లాకర్ (విండోస్ డిస్క్ తాళం) హఠాత్తుగా 48 అంకెల రికవరీ కీ అడగడానికి కారణం ఇదే. కొలత మారింది, టీపీఎం డిస్క్ కీని వదలడం లేదు.

ఇక్కడ ఎక్కువమంది చేసే తప్పు బయోస్‌లోకి వెళ్లి 'క్లియర్ టీపీఎం' కొట్టడం. పాత యజమాని జాడ పోతుందని నమ్మకం. క్లియర్ చేస్తే పోయేవి ఆ టీపీఎం దాచిన నిల్వ కీలు, విండోస్ హలో పిన్, బిట్‌లాకర్ తెరిచే దారి. ఎండార్స్‌మెంట్ కీ పుట్టే విత్తనం క్లియర్‌తో మారదు, కాబట్టి గుర్తింపు అలాగే ఉంటుంది. జాడ పోదు, రికవరీ కీ రాసిపెట్టుకోకపోతే మీ డేటా మాత్రం పోతుంది.

చిప్ రాయడం గురించి కూడా చెప్పాలి, ఎందుకంటే మీ షాపువాళ్లు తర్వాత ఎత్తేది అదే. సీహెచ్341ఏ ప్రోగ్రామర్‌తో (చిప్ చదివి రాసే చిన్న పరికరం) 'ఇదే మోడల్ మంచి డంప్' (డంప్ అంటే చిప్‌లోంచి తీసిన ఫైలు) అని ఇంకో ల్యాప్‌టాప్ ఫైలు మొత్తం రాసేస్తారు. అప్పుడు మీ యంత్రానికి ఇంకొకరి సీరియల్, ఇంకొకరి యూయూఐడీ, ఇంకొకరి విండోస్ కీ, ఇంటెల్ లాన్ ఉన్నదైతే ఇంకొకరి మ్యాక్ అడ్రస్ కూడా వస్తాయి. ఒకే పేరుతో రెండు యంత్రాలు తిరుగుతాయి. ఒకటి వేరే కంపెనీలో నమోదైతే రెండోదానికి ఆ కంపెనీ తగులుకోవచ్చు. వారంటీ పేజీలో ఆ ఇంకో యంత్రం వివరాలు చూపిస్తుంది. పైగా కీ ఎలాగూ రాదు. విడి టీపీఎం చిప్ ఉంటే అది ఫ్లాష్‌తో సంబంధం లేని వేరే చిప్. ప్రాసెసర్ లోపలి టీపీఎం అయితే ఫ్లాష్‌లో పెట్టుకునే డేటా ఆ చిప్‌కు కట్టి ఎన్‌క్రిప్ట్ అయి ఉంటుంది, ఇంకో బోర్డులో తెరుచుకోదు. ఏఎండీ డెస్క్‌టాప్‌లలో ప్రాసెసర్ మారిస్తే లేచేటప్పుడే 'కొత్త సీపీయూ వచ్చింది, ఎఫ్‌టీపీఎం రీసెట్ చేయాలా' అని అడిగేది అందుకే.

బయోస్ నిజంగానే చెడిపోయి చిప్ రాయక తప్పకపోతే, ముందు సొంత చిప్ చదివించండి. బ్యాటరీ, సీమాస్ సెల్ రెండూ తీసి, కనీసం రెండుసార్లు చదివి, రెండు ఫైళ్లూ ఒకేలా ఉన్నాయో పోల్చాలి. 16 ఎంబీ చిప్ అయితే ఫైలు సరిగ్గా 1,67,77,216 బైట్లు ఉండాలి. రెండు రీడింగులు తేడా వస్తే క్లిప్ సరిగా కూర్చోలేదని అర్థం, ఆ ఫైలును నమ్మొద్దు. చిప్ 1.8 వోల్టులదైతే అడాప్టర్ లేకుండా తగిలించొద్దు. ఆ ప్రోగ్రామర్ నల్ల బోర్డు రకాల్లో కొన్నిటికి డేటా లైన్ల మీద 5 వోల్టులు వస్తాయి, 3.3 వోల్టుల చిప్‌కే అది ఎక్కువ. పాత డంప్ ఉంటే అందులోంచి మీ సీరియల్, యూయూఐడీ, ఎంఎస్‌డీఎం కీ తీసి కొత్త ఫైలులో నాటవచ్చు. యూయూఐడీ వెతికేటప్పుడు ఒక చిక్కుంది: విండోస్‌లో 00112233-4455-6677 అని మొదలయ్యేది డంప్‌లో 33 22 11 00 55 44 77 66 అని తిరగబడి ఉంటుంది. మొదటి మూడు ముక్కలే తిరగబడతాయి, మిగతాది వరుసలోనే ఉంటుంది. ఇది తెలియక 'ఈ డంప్‌లో యూయూఐడీ లేదు' అని పాత ఫైలు పారేసేవాళ్లు ఉన్నారు.

సరే, మీరు చేయాల్సింది ఏమిటి? బిల్లు తీసుకుని అమ్మినవాడి దగ్గరికి వెళ్లి, లాట్ ఏ కంపెనీ నుంచి వచ్చిందో అడగండి. సెటప్‌లో కనిపిస్తున్న పేరు కంపెనీదే కాబట్టి వాళ్ల ఐటీ విభాగానికి సీరియల్ నంబరు, బిల్లు కాపీ జతచేసి మెయిల్ పెట్టండి. కంపెనీలు పాత యంత్రాలను టోకుగా అమ్మేటప్పుడు డిస్క్ తుడిచి, ఆటోపైలట్ జాబితా మరిచిపోవడం చాలా మామూలు. వాళ్లు ఇన్‌ట్యూన్‌లో (కంపెనీలు తమ పరికరాలను అదుపు చేసే మైక్రోసాఫ్ట్ సేవ) ముందు ఆ పరికరం రికార్డు తీసి, తర్వాత ఆటోపైలట్ పరికరాల జాబితాలోంచి సీరియల్ తొలగించాలి. ఒకటి తీసి రెండోది వదిలేస్తే మీకు మళ్లీ అదే పేజీ వస్తుంది. తొలగించాక వెంటనే ప్రయత్నించి విసుక్కోకండి, అవతలి సర్వర్లలో మార్పు చేరడానికి సమయం పడుతుంది. మర్నాడు విండోస్ మళ్లీ మొదటి నుంచి వేసి చూడండి. ఇది దొంగిలించిందని వాళ్లు చెబితే ల్యాప్‌టాప్ వెనక్కిచ్చి డబ్బు తీసుకోవడమే, దాచుకుంటే చిక్కు మీకే.

నెట్ కలపకుండా సెటప్ దాటించి ఇచ్చే షాపులు ఉన్నాయి. ఆ రోజుకు పని జరుగుతుంది. అవతల పుస్తకంలో వరుస అలాగే ఉంది కాబట్టి మళ్లీ రీసెట్ చేసిన రోజు మళ్లీ అదే పేజీ. అలా దాటించిన యంత్రాన్ని 'క్లియర్ పీస్' అని అమ్మడం మోసం కిందే లెక్క.

కొనేముందు చూసుకోదలచినవారికి: షాపులోనే రీసెట్ పెట్టించి, మీ ఫోన్ హాట్‌స్పాట్ కలిపి సెటప్ పేజీ వచ్చేదాకా కూర్చోండి. బయోస్‌లోకి వెళ్లి అబ్సల్యూట్ లేదా కంప్యూట్రేస్ (పోయిన ల్యాప్‌టాప్‌ను వెతికే సేవ) అన్న వరుస యాక్టివేట్ అయి ఉందేమో చూడండి. అది ఫర్మ్‌వేర్‌లోనే ఉండి డిస్క్ మార్చినా తన ఏజెంట్‌ను మళ్లీ విండోస్‌లోకి దింపే సరుకు. అడుగున స్టిక్కర్ మీది సీరియల్, బయోస్‌లోది, ఎంఎస్‌ఇన్ఫో32 (విండోస్ సిస్టమ్ సమాచారం పేజీ)లోది మూడూ ఒకటేనా చూడండి. తేడా ఉంటే బోర్డో, డంపో మారిందన్నమాట.

ఇక ఫోన్. ఐఎంఈఐకీ మీ సమస్యకూ సంబంధం లేదు. ఐఎంఈఐ 15 అంకెల పేరు. మొదటి 8 మోడల్ కోడ్, తర్వాత 6 సీరియల్, చివరిది లెక్క సరిచూసే అంకె. అది నెట్‌వర్క్ టవర్ల కోసం. ఆండ్రాయిడ్ 10 నుంచి మామూలు యాప్‌లకు దాన్ని చదివే అనుమతే లేదు. ఐఎంఈఐ బ్లాక్ అయితే పోయేది సిగ్నల్, బ్యాంకు యాప్ కాదు.

బ్యాంకు యాప్ అడుగుతున్నది కీ. ఫోన్ ప్రాసెసర్‌లో ఆండ్రాయిడ్‌కు అందని సురక్షిత భాగం ఒకటుంటుంది, టీఈఈ అంటారు. కొన్ని ఫోన్లలో అందుకు విడి చిప్పే ఉంటుంది, దాన్ని స్ట్రాంగ్‌బాక్స్ అంటారు. యాప్ ఒక కొత్త కీ తయారుచేయమంటే, టీఈఈ దాన్ని పుట్టించి, దాని గురించి ఒక సర్టిఫికెట్ రాసి, లోపలున్న అటెస్టేషన్ కీతో సంతకం చేస్తుంది. ఆ సర్టిఫికెట్‌లో 1.3.6.1.4.1.11129.2.1.17 అన్న సంఖ్య కింద ఉండే అదనపు భాగమే మీ గుట్టు. అందులో సర్వర్ పంపిన ఛాలెంజ్ ఉంటుంది, పాత జవాబును మళ్లీ పంపకుండా. కీ ఎక్కడ పుట్టిందో చెప్పే అంకె ఉంటుంది: 0 అయితే సాఫ్ట్‌వేర్, 1 అయితే టీఈఈ, 2 అయితే స్ట్రాంగ్‌బాక్స్. బూట్‌లోడర్ లాక్ అయి ఉందా లేదా అన్నది ఉంటుంది. బూట్ స్థితి ఉంటుంది: 0 అంటే తయారీదారు సంతకంతో లేచింది, 1 అంటే వాడినవాడు పెట్టుకున్న కీతో, 2 అంటే తనిఖీ లేకుండా, 3 అంటే తనిఖీలో తప్పింది. సెక్యూరిటీ ప్యాచ్ నెల 202505 లాంటి అంకెగా ఉంటుంది. ఈ విలువలను బూట్‌లోడర్ ఆండ్రాయిడ్ లేవకముందే టీఈఈకి అందిస్తుంది. అందుకే తర్వాత ఆండ్రాయిడ్‌లో ఎన్ని మాడ్యూల్స్ వేసి రూట్ (ఫోన్ మీద పూర్తి అధికారం) దాచినా అక్కడి 'అన్‌లాక్' చెరగదు. సంతకం కింద ఒక్క బిట్ మార్చినా గొలుసు తెగుతుంది.

యాప్‌లు ఎక్కువగా దీన్ని నేరుగా చదవవు, ఫోన్ నమ్మదగ్గదేనా అని చెప్పే గూగుల్ ప్లే ఇంటెగ్రిటీ సేవను అడుగుతాయి. అది మూడు మెట్లలో జవాబిస్తుంది: బేసిక్, డివైస్, స్ట్రాంగ్. 2025 మే నుంచి ఆండ్రాయిడ్ 13, ఆపై ఫోన్లలో డివైస్ మెట్టుకు కూడా హార్డ్‌వేర్ రుజువు చూస్తున్నారు. స్ట్రాంగ్‌కు అదనంగా గత 12 నెలల్లోపు సెక్యూరిటీ అప్‌డేట్ ఉండాలి. ఈ రెండో షరతు మీద నా ఫిర్యాదు ఒకటుంది. ఏమీ కెలకని, కొన్నప్పటి నుంచి అలాగే ఉన్న ఫోన్ కూడా తయారీదారు అప్‌డేట్లు ఆపేస్తే స్ట్రాంగ్ మెట్టు దిగిపోతుంది. తప్పు ఒకరిది, దండన వాడేవాడికి.

'వాలిడ్ కీబాక్స్' అని టెలిగ్రామ్‌లో అమ్మే ఫైళ్ల గురించి కూడా తెలుసుకోండి. అవి వేరే ఫోన్ల నుంచి లీకైన అటెస్టేషన్ కీలు. పాత పద్ధతిలో ఒకే కీని కనీసం లక్ష ఫోన్లలో పెట్టేవాళ్లు, ఒక్క ఫోన్‌ను వేరుగా గుర్తించే వీలు లేకుండా. లీకైన కీని గూగుల్ రద్దు జాబితాలో పెడితే ఆ ఫైలు కొన్న మీకే కాదు, ఆ లక్ష మంది అమాయకులకూ రుజువు పోతుంది. ఈ బెడద తప్పించడానికే ఆండ్రాయిడ్ 12లో కొత్త పద్ధతి తెచ్చి 13తో తప్పనిసరి చేశారు. ఫ్యాక్టరీలో ఫోన్ తాలూకు పబ్లిక్ కీ మాత్రమే తీసుకుంటారు. కొద్దికాలమే చెల్లే సర్టిఫికెట్లు నెట్ ద్వారా వస్తుంటాయి. డబ్బు పెట్టి కొన్న కీబాక్స్ ఎప్పుడు పనికిరాకుండా పోతుందో అమ్మినవాడికీ తెలియదు. అలాంటి ఫైలు పెట్టుకున్న ఫోన్‌లో బ్యాంకు పిన్ కొట్టడం నా దృష్టిలో ఇంకా పెద్ద తెలివితక్కువతనం.

సినిమాలు మసకబారడం వైడ్‌వైన్ (సినిమాల కాపీని ఆపే గూగుల్ తాళం) వల్ల. అదీ కీ వ్యవహారమే, కానీ వేరే కీ. ఫ్యాక్టరీలో ఫోన్‌కు 128 బైట్ల కీబాక్స్ ఎక్కిస్తారు. 32 బైట్లు పరికరం ఐడీ, 16 బైట్లు రహస్య కీ, 72 బైట్లు సర్వర్ మాత్రమే విప్పగల సమాచారం, చివరి ఎనిమిదిలో 4 బైట్ల గుర్తు, 4 బైట్ల సరిచూపు. టీఈఈ లోపల దీన్ని వాడగలిగితే ఎల్1, హెచ్‌డీ వస్తుంది. లేకపోతే ఎల్3కి పడిపోయి చాలా సేవల్లో 480 దగ్గరే ఆగుతుంది. కొన్ని మోడళ్లు బూట్‌లోడర్ తెరవగానే ఎల్1 ఆపేస్తాయి, మళ్లీ లాక్ చేస్తే ఇస్తాయి. పర్సిస్ట్ పార్టిషన్‌ను (ఫోన్ ఫ్యాక్టరీ డేటా దాచుకునే భాగం) ఎవరైనా తుడిచి ఉంటే మాత్రం లాక్ చేసినా రాకపోవచ్చు, అది సర్వీస్ సెంటర్ పని. డీఆర్ఎం ఇన్ఫో లాంటి యాప్‌లో ఎల్1, ఎల్3 ఏదో కనిపిస్తుంది.

మీరు వెనక్కి వెళ్లాలనుకుంటే వరుస ముఖ్యం. మొదట మీ మోడల్‌కు, మీ దేశపు వెర్షన్‌కు సరిపోయే అసలు ఫర్మ్‌వేర్ మొత్తం ఎక్కించండి. ఒకసారి పూర్తిగా ఆన్ చేసి, డెవలపర్ ఆప్షన్లలో ఓఈఎం అన్‌లాకింగ్ ఇంకా ఆన్‌లోనే ఉందో చూడండి. అప్పుడే లాక్ చేయండి. కస్టమ్ రోమ్ ఉండగానే లాక్ చేస్తే బూట్‌లోడర్ ఆ సంతకాన్ని ఒప్పుకోక ఫోన్ లేవకుండా ఉండిపోతుంది. లాక్ చేసేటప్పుడు డేటా మొత్తం చెరుగుతుంది, ముందే బ్యాకప్ తీసుకోండి. అయ్యాక ప్లే స్టోర్ సెట్టింగుల్లో 'అబౌట్' కింద పరికరం సర్టిఫైడ్ అని రావాలి. అక్కడే ప్లే స్టోర్ వెర్షన్ మీద ఏడుసార్లు తడితే డెవలపర్ ఆప్షన్లు తెరుచుకుంటాయి, అందులో ఇంటెగ్రిటీ చెక్ నొక్కితే మూడు మెట్లలో ఏవి దాటిందో కనిపిస్తుంది.

వేలిముద్ర మిషన్‌ది ఇదే కథ, ఆధార్ సంస్థ నియమాలతో. పాత మిషన్లు తీసిన వేలిముద్రను యాప్‌కు ఇచ్చేసేవి, దాచుకుని మళ్లీ వాడే ప్రమాదం ఉండేది. 2017లో రిజిస్టర్డ్ డివైస్ పద్ధతి వచ్చింది. ప్రతి మిషన్‌కూ ఒక పరికరం కోడ్, దానికి తయారీదారు ఇచ్చిన సర్టిఫికెట్, ఆ తయారీదారుకు ఆధార్ సంస్థ గుర్తింపు. ముద్ర తీసిన ప్రతిసారీ సమయం కలిపి, సంతకం చేసి, ఆధార్ సర్వర్ మాత్రమే విప్పేలా మూసి పంపుతుంది. మధ్యలో ఉన్న బ్యాంకు యాప్‌కు లోపలున్నది కనపడదు. ఎల్0 రకంలో ఈ సంతకం కంప్యూటర్ లేదా ఫోన్‌లో నడిచే ఆర్‌డీ (రిజిస్టర్డ్ డివైస్) సర్వీస్ చేస్తుంది, ఎల్1 రకంలో మిషన్ లోపలి చిప్పే చేస్తుంది (సినిమాల ఎల్1కీ దీనికీ సంబంధం లేదు). ఎల్0 పక్కన పెట్టి ఎల్1కి మారమని ఆధార్ సంస్థ చెప్పింది కాబట్టి, మీ అన్నయ్యది పాత ఎల్0 అయితే ఎంత బాగుచేసినా ప్రయోజనం ఉండదు. ముందు అది చూడమనండి.

ఎల్1 అయ్యుండి 'నాట్ రెడీ' అంటే నాలుగు చోట్ల చూడాలి. కంప్యూటర్ గడియారం మొదటిది. సమయం తప్పితే సంతకం సరైనదైనా సర్వర్ తిరగ్గొడుతుంది. మదర్‌బోర్డు మీద సీఆర్2032 సెల్ అయిపోతే కరెంటు పోయి వచ్చినప్పుడల్లా తేదీ వెనక్కి పోతుంది, ఉదయం పూటే ఎర్రర్ వస్తోందంటే అనుమానం దీని మీదే. రెండోది పోర్టు. ఆర్‌డీ సర్వీస్ అదే కంప్యూటర్‌లో 11100 నుంచి 11120 మధ్య ఏదో ఒక పోర్టులో జవాబిస్తుంది, యాంటీవైరస్ దాన్ని ఆపితే మిషన్ లైటు వెలుగుతున్నా యాప్‌కు కనపడదు. రెండు కంపెనీల ఆర్‌డీ సర్వీసులు ఒకే కంప్యూటర్‌లో ఉంటే యాప్ తప్పు దానితో మాట్లాడుతుంటుంది, వాడనిది తీసేయాలి. మూడోది, తయారీదారు దగ్గర ఆర్‌డీ సర్వీస్ గడువు అయిపోయిందేమో. మిషన్ సీరియల్ ఇచ్చి రెన్యువల్ చేయించాలి, ఇన్‌స్టాల్ ఎన్నిసార్లు చేసినా గడువు రాదు. నాలుగోది, ఫోన్‌కు తగిలించి వాడుతున్నట్టయితే ఆ ఫోన్ రూట్ అయి ఉండకూడదు. మీ అన్లాక్ చేసిన ఫోనే అన్నయ్యకు ఇచ్చి ఉంటే మీ రెండో సమస్యా మూడో సమస్యా ఒకటే అన్నమాట.

తర్వాత ఏమైనా రాయాలంటే ల్యాప్‌టాప్ మోడల్, టీపీఎం పేజీలో కనిపించిన తయారీదారు పేరు, ఫోన్ మోడల్, ఇంటెగ్రిటీ చెక్‌లో వచ్చిన మెట్లు రాయండి చాలు. సీరియల్ నంబరు గానీ, ఆ 4,000 అక్షరాల హార్డ్‌వేర్ హ్యాష్ గానీ ఇక్కడ పెట్టకండి. పాత కంపెనీ జాబితాలోంచి తీసేశాక మీ ల్యాప్‌టాప్ ఎవరి కిందా ఉండదు. ఆ సమయంలో హ్యాష్ ఇంకొకరికి దొరికితే వాళ్లు దాన్ని తమ కంపెనీ కింద నమోదు చేసుకోగలరు.